నిమ్మళం

మా అక్క పదో తరగతితో చదువు ఆపేసింది. ద్రాక్షారామంలో అద్దె ఇంటి ముందుగదిలో మిషను వేసుకుని జాకెట్లు కుడుతుంది. నేను రాజమండ్రిలో హైస్కూల్లో సైన్సు చెబుతాను. అమ్మ అక్క దగ్గరే ఉండేది. అమ్మకు బీపీ మాత్ర మార్చాలన్నా, జ్వరానికి ఏదైనా వెయ్యాలన్నా అక్క ముందు నాకు ఫోన్ చేసేది. "చదువుకున్నదానివి, నువ్వు చెప్పవే" అనేది. ఆ మాట వినడం నాకు ఇష్టంగానే ఉండేది.

అమ్మకు క్యాన్సర్ ఎముకల్లోకి పాకిందని కాకినాడలో చెప్పారు. ఇక నొప్పి తెలియకుండా చూసుకోవడమే అని డాక్టరుగారు మార్ఫిన్ మాత్రలు రాశారు. ఆ పేరు నాకు కొత్త కాదు. మత్తుపదార్థాల పాఠం ఏటా పిల్లలకు చెప్పేది నేనే.

"ఇప్పుడే మొదలెట్టకు అక్కా. అలవాటైతే మనిషి మనిషిగా మిగలదు. మరీ ఎక్కువైతే చూద్దాం" అన్నాను.

అక్క సరేనని మాత్రలు బీరువాలో పెట్టి తాళం వేసింది.

మూడు వారాలు గడిచాయి. దుప్పటి సర్దినా అమ్మ కేక పెట్టేదట. నేను ఆదివారాలు బస్సెక్కి వెళ్ళేదాన్ని. నా ముందు అమ్మ చీర చెంగు పళ్ళ మధ్య బిగించి పడుకునేది, చప్పుడు చేసేది కాదు. ఓర్చుకోగలుగుతోందిలే అనుకుని సాయంత్రానికి తిరిగొచ్చేదాన్ని. వారం మధ్యలో అక్క ఫోన్ చేసి, "ఈవేళ ఒకటి ఇవ్వనా?" అని అడిగితే, "ఇంకో రెండ్రోజులు చూడు" అనేదాన్ని. అలా ఎన్నిసార్లు అన్నానో గుర్తు లేదు.

చివరికి డాక్టరుగారికే సంగతి తెలిసి, "ఈ దశలో అలవాటేంటమ్మా? ఎవరు ఆపమన్నారు?" అని అక్క మీద కేకలేశారు. ఆ రోజే అక్క మాత్ర ఇచ్చింది. అమ్మ నిద్రపోయింది. మరో నాలుగు రోజులు బతికింది, అంతే.

ఏడాది కావస్తుండగా మా స్టాఫ్‌రూంలో తెలుగు టీచరుగారు ఫోన్‌లో ఏదో సీరియల్ చదువుతూ తల ఎత్తకుండా కూర్చున్నారు. ఏమిటని అడిగితే, "కథల యాప్‌లో వస్తోందండీ, ఎవరో మారుపేరుతో రాస్తున్నారు. చదవండి, ఇందులో చిన్న కూతుర్ని చూస్తే ఒళ్ళు మండిపోతుంది" అని లింకు పంపారు.

కథ ఎండిన సరస్సుల దేశంలో జరుగుతుంది. ఆ సరస్సుల అడుగున ఎప్పుడో నూరేళ్ళకొకసారి నిమ్మళం అనే ఖనిజం దొరుకుతుంది. బూడిదరంగులో ఉంటుంది, చేత్తో పట్టుకుంటే చల్లగా తగులుతుంది. పలుకంత ముక్క నాలుక కింద పెడితే ఎంత బాధైనా దిగిపోతుంది. రాణికి ఎముకల్లో నిప్పు పుట్టే రోగం వచ్చింది. కోటలో ఉన్నది ఒకే ఒక్క ముద్ద, అది పెట్టెలో ఉంది, తాళంచెవి పెద్ద కూతురి కొంగున ఉంది. పరదేశంలో విద్యలు నేర్చిన చిన్న కూతురు వచ్చి అంటుంది: "అలవాటైతే మనిషి మనిషిగా మిగలదు."

అది నేను అక్కతో ఫోన్‌లో అన్న మాటే, అక్షరం పొల్లుపోలేదు. తర్వాతి పీరియడ్‌కు బెల్లు కొట్టినా లేవలేకపోయాను. కథ కింద చదివినవాళ్ళు చిన్న కూతుర్ని తిట్టిపోస్తున్నారు. అన్నీ చదివాను.

ఆదివారం ద్రాక్షారామం వెళ్ళాను. అక్క మిషను దగ్గర ఉంది.

"ఆ కథ నువ్వేనా రాస్తున్నది?"

"చదివావా?" అంది మిషను ఆపకుండానే.

"నన్ను అందరి చేతా తిట్టిస్తున్నావు కదా. ఆ తిట్టేదేదో నువ్వే తిట్టొచ్చుగా."

అప్పుడు మిషను ఆగింది. "నిన్ను తిట్టాలని కాదే. చిన్నది దూరాన ఉంది, దానికి కేకలు వినబడవు. పెద్దది పక్కనే ఉందిగా. తాళంచెవి దాని కొంగునే ఉంది. ఎవర్నీ అడక్కుండా ఒక్కసారి తీసి ఇవ్వొచ్చుగా? ఎందుకు తియ్యలేదో నాకిప్పటికీ తెలీదు. రాస్తే తెలుస్తుందేమో అని మొదలెట్టాను."

అక్క దారం తెంపి, అంతవరకూ నాకు చెప్పని మాట చెప్పింది. మొదటి మాత్ర పనిచేశాక అమ్మ కళ్ళు తెరిచి, "ఇది ముందే ఇచ్చుంటే బావుండేది కదే" అందట. నెమ్మదిగానే అందట, నిష్ఠూరంగా కాదు.

నేను ఏడ్చాను. అక్క ఏడవలేదు.

"పోనీ కథలోనైనా సమయానికి పెట్టె తీయించు" అన్నాను కాసేపటికి.

"రాసి చూశానే. తీయిస్తే అంతా అబద్ధంలా ఉంది. చెరిపేశాను."

నెల తిరక్కుండా కథ ముగించింది. రాణి చనిపోయాక పెద్ద కూతురు పెట్టె తెరుస్తుంది. నిమ్మళం ఎలా ఉన్నదో అలాగే ఉంటుంది. ఇప్పుడది ఎవరికీ అక్కర్లేదు. చదివేవాళ్ళకు కోపం వచ్చింది. ఇన్నాళ్ళు చదివించి ఇదా ముగింపు అన్నారు. అక్క ఎవరికీ జవాబివ్వలేదు, ఆ తర్వాత మరో కథా రాయలేదు.

అమ్మ సంవత్సరీకానికి ఇద్దరం కలిసి వంట చేశాం. ఒకరి ముఖం ఒకరం పెద్దగా చూసుకోలేదు. భోజనాలయ్యాక అక్క ఫోన్ నా చేతికిచ్చింది. ఎవరో కథ కింద రాశారు: "మా నాన్నగారికి ఇలాగే నొప్పండి. డాక్టరు మాత్రలిచ్చారు, ఇంట్లోవాళ్ళు వద్దంటున్నారు. ఏం చెయ్యాలండి?"

"ఏం రాయమంటావు?" అంది అక్క.

నేనే రాశాను. "డాక్టరుగారు చెప్పినట్టు ఇచ్చేయండి. భయముంటే ఆయన్నే అడగండి. ఇంకెవర్నీ అడగొద్దు. ఈరోజే ఇవ్వండి."

రాజమండ్రి తిరిగొచ్చాక కూడా ఆ కథ తెరిచి చూస్తూనే ఉన్నాను. ఆ మనిషి మళ్ళీ ఏమీ రాయలేదు. నా జవాబు చదివారో లేదో కూడా తెలియదు.