డ్రిల్లు మాస్టారి కడుపుమంట

సైన్సు మాస్టారు ఉద్యోగం మానేసి బడి మీద హాస్యకథలు రాస్తున్నాడని అందరూ తెగ మెచ్చుకున్నారు. డ్రిల్లు మాస్టారికి మాత్రం ఒళ్లు మండిపోయింది. మండదూ మరి! ఏళ్ల తరబడి ఒకే స్టాఫ్‌రూములో, కాలు ఊగే ఒకే బల్లకి చెరోవైపు కూర్చున్నారు. నలుగురినీ నవ్వించింది ఎవరు? డ్రిల్లు మాస్టారు. ఓ మూల గాజుసీసాలు తుడుచుకుంటూ, నోట్లో నాలుక లేనట్టు విని ఊరుకున్నది ఎవరు? సైన్సు మాస్టారు. ఇప్పుడేమో విన్నవాడికి పుస్తకం, చెప్పినవాడికి విజిలూ!

అందులోనూ ఆ ఇన్‌స్పెక్షన్ కథ. జనం విరగబడి చదివింది దాన్నే. ముసురు పట్టి సగం మంది పిల్లలు రాని రోజున ఇన్‌స్పెక్టరు ఊడిపడ్డాడు. హెడ్మాస్టరుకి కాళ్లూ చేతులూ ఆడలేదు. ఉపాయం చెప్పింది డ్రిల్లు మాస్టారే. మూడో తరగతి చూసి రాగానే ఇన్‌స్పెక్టర్ని వరండాలో టీకి కూర్చోబెట్టాలి. ఈలోగా ఆ పిల్లల్నే వెనక కిటికీలోంచి దాటించి నాలుగో తరగతిలో సర్దేయాలి. ఒక్కొక్కరినీ ఎత్తి దించి నడుం విరగ్గొట్టుకుంది కూడా ఆయనే. సైన్సు మాస్టారు చేసిందల్లా టీలో పంచదార కలపడం!

"ఊరికే ఉడుక్కోకపోతే మీరూ రాయండి, ఎవరొద్దన్నారు?" అంది భార్య.

రాశాడు. ఆదివారమంతా తల బద్దలు కొట్టుకుని రాసి, చదివి వినిపించాడు. ఆవిడ బఠాణీలు ఒలుస్తూ మొత్తం విని, "సెలవుచీటీలా ఉందండీ," అంది. ఆ కాగితాలు చించి పోగులు పెట్టాడు.

"రాత పోతే పోనీ, నోరుందిగా! ఆ పుస్తకానికి సభ పెడుతున్నారుగా, అందరి ముందూ తేల్చేస్తా, ఆ కథ ఎవరిదో!"

లైబ్రరీ హాల్లో పుస్తక పరిచయ సభ జరిగింది. పాత స్నేహితుడని పిలిచి, రెండు మాటలు చెప్పమన్నారు. డ్రిల్లు మాస్టారు మైకు అందుకుని ఇన్‌స్పెక్షన్ కథ మొదలుపెట్టాడు. నాలుగో తరగతిలో పన్ను ఊడిన పిల్లని చూసి ఇన్‌స్పెక్టరు, "మూడులో ఉన్నది నీ చెల్లెలా?" అని అడిగిన చోటికి వచ్చాడు.

"కాదండీ, అదీ నేనే. మీరు ఇంకో టీ తాగితే అయిదులో కూడా నేనే ఉంటానండీ!"

హాలు హాలంతా పొట్ట చెక్కలయ్యేలా నవ్వింది. ఇక అసలు మాట చెబుదామని ఆయన నోరు తెరిచేలోపే ముందు వరుసలోంచి లైబ్రేరియన్ లేచింది.

"కథంతా కంఠతా పట్టేశారే! రచయితగారంటే ఎంత అభిమానమండీ మీకు!"

"కంఠతా ఏంటమ్మా? నాదీ కథ! చేసింది నేను, చెప్పింది నేను!"

అదీ హాస్యమే అనుకుని జనం ఇంకా నవ్వారు. డ్రిల్లు మాస్టారికి ఏడుపొక్కటే తక్కువ. వేదిక మీదున్న సైన్సు మాస్టారి వైపు తిరిగి, "మాస్టారూ, మీరైనా చెప్పండి!" అన్నాడు.

సైన్సు మాస్టారు లేచి మైకు తీసుకున్నాడు. "నిజమేనండీ. ఇదొక్కటే కాదు, ఈ పుస్తకంలో కథలన్నీ ఈయన చెప్పినవే. నేను విని రాసుకున్నానంతే."

ఇన్నాళ్లకి న్యాయం జరిగిందని డ్రిల్లు మాస్టారు గుండెల నిండా ఊపిరి పీల్చుకున్నాడు.

"ఎంత నిగర్వి!" అన్నారెవరో వెనకనుంచి. అంతే, జనమంతా లేచి నిలబడి సైన్సు మాస్టారికి చప్పట్లు కొట్టారు. అందరూ తనవైపు చూస్తున్నారు కనక, డ్రిల్లు మాస్టారు కూడా కొట్టాల్సొచ్చింది.