నాయన నొసటి ఊదా గుర్తు

నా చిన్నప్పుడు మా ఊరంతా ఒక్క మాట మీద నిలబడి చేసిన పని ఒకటే. ఒక డాక్టరమ్మకు తాగేదానికి నీళ్ళు లేకుండా చేసినారు. బడి కోసం కలవలేదు, బాట కోసం కలవలేదు, దానికి మాత్రం కలిసినారు. ఇది రాయాలని నాకు మొన్నటిదాకా లేదు. నేను అక్షరాలు నేర్చిందే యాభై దాటినాక, మనవరాలి పక్కన కూర్చొని. రాయడమంటే నాకు ఇప్పటికీ గట్టు మీదికి రాళ్ళు మోసినట్టే ఉంటుంది. అయితే మొన్న ఆడోళ్ళ దినమని మా ఊరి బడిలో సభ పెట్టినారు. ఒకాయన మైకు పట్టుకొని, యుద్ధకాలంలో ఓడెక్కి పరదేశం పోయి సైనికులకు వైద్యం చేసిన తొలినాటి ఆడ డాక్టర్లలో ఒకామె మన ఊర్లో కూడా పనిచేసిందని, ఊరు ఆమెను గుండెల్లో పెట్టుకుందని చెప్పినాడు. అందరూ చప్పట్లు కొట్టినారు. నేను లేచి, "ఏమప్పా, అప్పటికి నువ్వు పుట్టినావా?" అన్నాను. పక్కనోళ్ళు నా కొంగు పట్టి కూర్చోబెట్టినారు. సరే, కూర్చొనే చెప్తాను.

మాది ముదిగుబ్బ పక్క పల్లె. శెనక్కాయ, గొర్రెలు, వాన వస్తే అన్నం, రాకపోతే సంగటి, అదీ లేకపోతే వలస. రోడ్డు పక్కన రేకుల కొట్టంలో చిన్న వైద్యశాల పెట్టి ఆమెను పంపినారు. నలభై దాటిన మనిషి. పెండ్లి లేదు. జుట్టు మెడ దాకా కత్తిరించుకునేది. కాళ్ళకు మగోళ్ళ బూట్లు. పెద్దోళ్ళు వచ్చినా కుర్చీలోంచి లేచేది కాదు. మగపిల్లోళ్ళ మధ్య కూర్చొని మద్రాసులో చదివిందంట, జర్మనీ యుద్ధంలో ఇసుక దేశానికి పోయి డేరాల్లో ఉండిందంట. ఇవి ఇప్పుడు చప్పట్లు కొట్టే మాటలు. అప్పుడు ఇవే తిట్లు. "వెయ్యిమంది మగోళ్ళ మధ్య డేరాలో పండుకున్న మనిషి మన ఆడోళ్ళ కానుపు చేస్తుందా?" అని మా మేనత్త ఊర్లో అందరికీ వినబడేటట్టు అనేది. ఆ ఏడాదిలో ఊర్నుంచి ఆమె దగ్గరకి పోయినోళ్ళు వేళ్ళ మీద లెక్క.

ఆమె కూడా ఏం తియ్యటి మనిషి కాదు. మురికి గుడ్డ కట్టిన పుండు చూస్తే తిట్టేది, తాయెత్తు చూస్తే తిట్టేది. నా తలలో పుండ్లు చూసి, సంతకు పోయే జనమంతా చూస్తా ఉండగా రోడ్డు మీదనే నాకు గుండు కొట్టించింది. నాకు తొమ్మిదో పదో ఏండ్లు. పిల్లోళ్ళు నెలరోజులు నన్ను "బోడెమ్మా" అని పిలిచినారు. అప్పట్నుంచి నేను ఆ కొట్టం దారిన పోతే ఉమ్మి పోయేదాన్ని.

రెండో ఏడు కూడా వాన ముఖం చాటేసినాక, మా నాయన, పక్కింటి పెద్దనాయన కలిసి బాయి లోతు తవ్వడం మొదలుపెట్టినారు. అడుగున బండ తగిలింది. బండకు బెజ్జాలు కొట్టి తూటాలు పెట్టి పేల్చేవాళ్ళు. ఆ రోజు ఆరు వత్తులు ముట్టించినారు, ఐదు పేలుళ్ళు వినబడినాయి. ఆరోది చచ్చిపోయిందనుకొని ఇద్దరూ దిగినారు. అది చావలేదు.

ఇద్దరినీ రెండు మంచాల మీద పండబెట్టి మోసినారు. టౌను దూరం, బండి లేదు. కాబట్టే ఆ కొట్టానికి తీసుకుపోయినారు, ఇష్టమై కాదు. పెద్దనాయనకు కడుపులో రాయి దిగింది. నాయనకు మోకాలి కింద ఎముక బయటికొచ్చింది, రక్తం మంచం నులకలోంచి కారతా ఉండాది. డాక్టరమ్మ వాళ్ళను చూసి అరవలేదు, తిట్టలేదు. మొదటిసారి ఆమె నోరు మూసుకొని ఉండడం చూసినాను. నాయన తొడకు బిగించి కట్టు కట్టి, చేతికి సూది పొడిచి, పుండ్లకు పూసే ఊదారంగు మందులో పుల్ల ముంచి ఆయన నొసట ఏదో గీసింది. "ఎవరూ ముట్టుకోవద్దు" అన్నది. ఎందుకో చెప్పలేదు. పెద్దనాయనను లోపలికి తీసుకుపోయి తలుపు వేసుకుంది.

మేము వరండాలో మిగిలినాము. నాయన, మా మేనత్త, నేను, చుట్టూ ఊరు. అత్త ఆ గుర్తును చూసి రొమ్ము బాదుకుంది.

"సూడండప్పా! సంతలో కటికోడు బేరమైన పొట్టేలు నెత్తిన రంగు పూసినట్టు పూసినాదే! మా తమ్ముడు కోతకు పోయే పొట్టేలా?"

మా ఊర్లో గొర్రెలు లేని ఇల్లు లేదు. నెత్తిన రంగు పడిన పొట్టేలు మళ్ళా దొడ్డికి రాదని చంటిబిడ్డకు కూడా తెలుసు. అందరూ గుసగుసలాడినారు. ఎవరో, "ఇతను బతకడని ముందే గుర్తేసిందిరా" అన్నారు. అత్త నా చేతికి తడిగుడ్డ ఇచ్చింది. ఆమె చెప్పింది కాబట్టి తుడిచినాను అని చెప్పుకుంటే అది సగం అబద్ధం. తుడిచేటప్పుడు నాకు నా గుండు గుర్తుకొచ్చింది. ఆమె పెట్టినదాన్ని పోగొడుతున్నానని కసి తీరినట్టు అయింది. రుద్ది రుద్ది తుడిచినాను. మిగిలిన మరక కనబడకుండా అత్త ఆ చోట దట్టంగా ఈబూది పూసింది.

నాయన నొప్పి తగ్గలేదు. ఒళ్ళు చల్లగా, అరుపు మాత్రం వాడవాడకూ వినబడేటట్టు. అంతలో డాక్టరమ్మ దగ్గర పనిచేసే కాంపౌండరు వచ్చినాడు. ఆయన పొద్దున్నించి పక్క ఊరికి పోయి ఉన్నాడు, ఏమీ చూడలేదు. వచ్చీ రాకముందే లోపల్నుంచి డాక్టరమ్మ, పెద్దనాయనను టౌనుకు తీసుకుపోవాల, రోడ్డు మీద ఏ లారీ వస్తే దాన్ని ఆపు అని కేకేసింది. లారీ దొరికింది. పెద్దనాయనను ఎక్కిస్తా ఉంటే అత్త కాంపౌండరు చొక్కా పట్టుకుంది. "అన్నా, నా తమ్ముడు నొప్పికి చస్తాండాడు, నీ కంటికి కనబడ్లేదా? సూది వెయ్యన్నా."

ఆయన వంగి నాయన నొసలు చూసినాడు. ఈబూది తప్ప ఏమీ కనబడలేదు. "ఇంకా పడలేదా?" అన్నాడు.

"యాడ పడినాది?" అన్నది అత్త.

అత్త చెడ్డది కాదు. తల్లి పోయినాక నాయనను ఎత్తుకొని పెంచిన మనిషి. ఆ అరుపు వినలేకపోయింది, అంతే. కాంపౌండరు నా వైపు కూడా చూసినాడు. నేను గుడ్డను లంగా మడతలో దాచుకున్నాను. ఆయన సూది పొడిచి, పరిగెత్తి లారీ ఎక్కినాడు.

డాక్టరమ్మ చేతులు కడుక్కొని బయటికొచ్చి నాయనకు దుప్పట్లు కప్పింది, రెండు కాళ్ళూ ఎత్తులో పెట్టించింది, ఉప్పు నీళ్ళు నరంలోకి ఎక్కించింది. నాయన ఒళ్ళు వెచ్చబడింది. అరుపు ఆగింది. అత్త మొక్కుకుంది. అరుపుతోపాటు ఊపిరి కూడా తగ్గిపోతా ఉందని ఆమె ఒక్కతే చూసింది. ఒక ఊపిరికి, ఇంకో ఊపిరికి మధ్య నేను పది దాకా లెక్కపెట్టగలిగినాను. ఆమె నాయన కనురెప్పలు ఎత్తి చూసింది, నొసలు చూసింది.

"ఇక్కడి గుర్తు ఎవరు తుడిచారు?"

జనం ఒక్కో అడుగు వెనక్కి జరిగినారు.

"ఇంకో సూది పడిందా ఇతనికి?"

"ఏ సూదీ లేదు, ఏ గుర్తూ లేదు" అన్నది అత్త. ఇప్పుడు నిజం చెప్తే తానే చంపినట్టు అవుతుందని ఆమెకు భయం. డాక్టరమ్మ నాయన తల తడిమి, "అయితే పుర్రెలో దెబ్బ ఉందేమో. ఇంకో బండి ఆపండి, టౌనుకు పంపాలి" అన్నది. మనుషులు రోడ్డు మీదికి ఉరికినారు.

అప్పుడు నేను ఏడవలేదు. గుడ్డ తీసి ఆమె ముందర పెట్టినాను. అది ఊదాగా ఉండాది. "నేనే తుడిచినా. కాంపౌండరు ఇంకో సూది వేసినాడు" అన్నాను. చెంప మీద కొడుతుందని కండ్లు మూసుకున్నాను.

ఆమె నన్ను కొట్టలేదు. నాయన తల వెనక మోకాళ్ళ మీద కూర్చొని ఆయన రెండు చేతులు తలపైకి లాగి, మళ్ళా రొమ్ముకు అదిమింది. లాగడం, అదమడం. ఊపిరి లోపలికి, బయటికి. "బండి వద్దు. దారిలో ఇలా చేసేవాళ్ళు ఉండరు" అని, నాతో, "నువ్వు చెవి దగ్గర పిలుస్తూ ఉండు. ఆపావంటే చూడు" అన్నది. పొద్దు తిరిగేదాకా ఆమె చేతులు ఆపలేదు, నేను నోరు ఆపలేదు. "నాయనా, ఓ నాయనా" అని అని నా గొంతు బొంగురుపోయింది.

మధ్యలో ఆమె ఎవరికో చెప్పినట్టు నాకు చెప్పింది. ఇసుక దేశంలో, డేరా ఆసుపత్రిలో, ఒక సైనికుడు. మీసాలు కూడా సరిగా రాని పిల్లోడు. ఆమె ఒక సూది వేసింది. వంతు మారినాక వచ్చిన డాక్టరు ఇంకోటి వేసినాడు. రక్తం పోయి చల్లబడిన ఒంట్లో మందు పొడిచిన చోటే నిలబడి ఉంటుందంట. ఒళ్ళు వెచ్చబడినాక రెండూ ఒకేసారి లేస్తాయంట. పిల్లోడు నిద్రలోనే పోయినాడు. అప్పట్నుంచి సూది పడిన మనిషి నొసట గుర్తు పెట్టడం నేర్చుకున్నారు. "ముందు సూది ఎవరు వేశారని పై డాక్టరు అడిగాడు. ఆడవాళ్ళకు ఈ పని చేతకాదని అనే రోజులు. నేను నోరు విప్పడానికి మూడు రోజులు పట్టింది. నువ్వు నయం" అన్నది. నా వైపు చూడలేదు.

సాయంత్రానికి నాయన తనంతట తాను ఊపిరి తీసినాడు. లారీలో పోయిన పెద్దనాయన మాత్రం దారిలోనే పోయినాడు.

ఇంక ఊరికి ఏం కావాల? ఒకడిని చంపింది, ఒకడిని చంపబోయింది. వారానికి పంచాయితీ పెట్టినారు. నాయనను మంచం మీద తెచ్చినారు. ఆమె వచ్చి నిలబడింది, కుర్చీ ఎవరూ వేయలేదు. "ఒక మనిషికి రెండు సూదులు ఎట్ల పడినాయి?" అని పెద్దమనిషి అడిగినాడు. అత్త నా భుజం పట్టుకొని ఉండాది. డాక్టరమ్మ ఒక్కసారి ఇంకా జుట్టు సరిగా రాని నా తలను చూసింది. తరువాత పెద్దమనిషి వైపు తిరిగింది.

"గుర్తు పెట్టింది నేను. అదేమిటో మీకు చెప్పకుండా పెట్టింది నేను. తప్పు నాది."

అంతే. నేను తుడవడం కండ్లారా చూసిన ఊరు ఊపిరి పీల్చుకుంది. మరుసటి రోజునుంచి ఆమెకు నీళ్ళు మోసే మనిషిని మోయనియ్యలేదు. ఆ కరువులో దుడ్లిచ్చినా బిందె దొరకదు. పదైదు రోజులు బస్సు డ్రైవరు ధర్మవరం నుంచి డబ్బాలో తెచ్చిచ్చిన నీళ్ళతో బతికింది. ఒక పొద్దున అదే బస్సెక్కి పోయింది. ఎవరూ బయటికి రాలేదు. నేను గోడ వెనక నిలబడి చూసినాను. నేనూ ఊరే కదా.

నాయన కుంటుకుంటూ ముప్పై ఏండ్లు బతికినాడు. ఊర్లో ఎవరూ ఆయనకు చెప్పనిదంతా నా పెండ్లయినాక నేనే చెప్పినాను. ఆయన కాలు తడుముకుంటా, "ఆమె బస్సెక్కక ముందు చెప్పాల పాపా. ఇప్పుడు నాకెందుకు?" అన్నాడు. ఆ మాట ఇప్పటికీ నాకు మండుతుంది, న్యాయమైన మాట కాబట్టి.

నన్ను ఊర్లో నోటి దురుసుది అంటారు. ఎవరు చేసినారని అడిగితే నా చేతి పని నేను ముందు చెప్పేస్తాను, పక్కనోళ్ళది కూడా చెప్పేస్తాను. కోడండ్లకు దాంతో కోపం. ఉండనీ. సభలో ఆమెను దేవత అన్నారు. దేవత కాదు, ముక్కోపి. ఆమె అంటే నాకు ప్రేమా లేదు. నేను చెప్పాల్సిన మాట ఆమె చెప్పేసి, ఆ బరువు దించుకునేదానికి నాకు మనిషి లేకుండా చేసి పోయింది. చిన్నపిల్ల మీద దయ చూపిస్తున్నాననుకుందేమో. ఆ పంచాయితీలో నేను నోరు తెరిచి ఉంటే నాకు నాలుగు దెబ్బలు పడేవి. తెల్లారేసరికి మానిపోయేవి.