ఆగయ్యకు తెలిసిన లైన్లు

"లైన్ల నా బిందె ముందుగాల ఉండె. జరిపెటందుకు నువ్వెవ్వతివే?"

"ఏం లైనే? నీ మొగడు ఏసిండా గీ లైను? మీద గడ్డ కాడ ఉండేటోళ్లకు కింది నల్లా కాడ లైనెక్కడిది?"

"నా మొగడు పోయి పన్నెండేండ్లాయె. పోయినోన్ని ఎందుకు గుంజుతవ్ మాణిక్యమ్మా? మోటరు పెట్టి మా నీళ్లు గుంజేది సాలదా?"

దబీర్‌పురా స్టేషన్ వెనక గల్లీలోకి నేను మొదటిసారి అడుగుపెట్టినప్పుడు వినబడిన మాటలివి. కింది ఇంటి గడప మీద నిలబడి అరుస్తున్నది మాణిక్యమ్మ. రెండు ఖాళీ బిందెలతో ఎదురు నిలిచింది లీలమ్మ. ఆమె ఇల్లు గల్లీ చివర, ఎత్తు మీద, రైలు పట్టాల గోడకు ఆనుకుని ఉంటుంది. ఇద్దరి మధ్యా రోడ్డు మీద ఒక చదరపు గుంట, దాని పక్కన గొంతుక్కూర్చున్న బక్కపలచటి మనిషి. వాల్వు తిప్పే నడుమెత్తు ఇనుప తాళాన్ని గుంటలోకి దించి, తల ఎత్తకుండా తిప్పుతున్నాడు.

"ఇద్దరూ ఇనుండ్రి," అన్నాడు తిప్పుతూనే. "లీలక్కా, నువ్వు పైకి పో. నీ నల్లా బుసకొడుతుంటది, ఇప్పి పెట్టు, గాలి పోనియ్యి. పావుగంటల నీళ్లెక్కుతయి. మాణిక్యమ్మా, ఇప్పుడు మోటరు ఏసినవనుకో, నీ గడప మీదనే కూసుంట. బందు జేసేదాక లెవ్వ."

"కూసో. చాయ్ గూడ పంపిస్త."

"పంపు. శక్కరెయ్యకు, షుగరుంది నాకు."

మాణిక్యమ్మ నవ్వు ఆపుకోలేక లోపలికి వెళ్ళిపోయింది. పావుగంట తర్వాత గల్లీ పైనుంచి లీలమ్మ కేక వినబడింది. "వచ్చినయ్ ఆగన్నా!"

అప్పుడు తలెత్తి నన్ను చూశాడు. నా మెడలో కంపెనీ కార్డు, చేతిలో ట్యాబ్. "సర్వే సారు నువ్వేనా? నీది ఏ లైను?"

"అంటే?"

"అంటే ఏంది, చదువు లైను, నౌకరి లైను."

ఇంజనీరింగ్ రెండో ఏడాదిలో వదిలేశానని చెప్పాను.

"గట్లయితే లైను ఇడిసిపెట్టినవన్నట్టు. ఫికర్ జెయ్యకు. నేను ఏడోదాంట్లనే ఇడిసిపెట్టిన."

నీళ్ళ వాల్వులన్నిటినీ మ్యాప్‌లోకి ఎక్కించే పని మా కంపెనీ తీసుకుంది. వాల్వు దగ్గర నిలబడి ట్యాబ్‌లో గుర్తు పెట్టాలి, ఫోటో తీయాలి, ఎన్ని గంటలకు తెరుస్తారో ఎన్నింటికి మూస్తారో రాయాలి. చెప్పడానికి తేలికే. సగం వాల్వులు తారు కింద పోయాయి, కొన్ని దుకాణాల మెట్ల కింద ఉన్నాయి. ఆఫీసులో పైపుల నక్ష అడిగితే ఒక గుమస్తా కిటికీలోంచి చెయ్యి చాపి, గేటు దగ్గర బీడీ కాలుస్తున్న ఈ ఆగయ్యనే చూపించాడు. నక్ష ఆయనే. ఇరవై నాలుగేళ్ళుగా ఆ గల్లీల్లో నీళ్ళు తిప్పుతున్నాడు.

కాలేజీలో నాకు లైన్ అంటే రెండు చుక్కలను కలిపేది అని నేర్పారు. ఆగయ్యకు ఆ మాట ఎన్ని పనులు చేసేదో చెప్పలేను. నేల కింద పైపు లైను, నేల మీద ఇళ్ళ వరస లైను. పెద్ద సారు ఫోన్‌లో ఉంటే "సారు లైన్ మీదున్నడు, లొల్లి జెయ్యకుండ్రి" అని ఆడవాళ్ళను ఆపేవాడు. కొడుకు ప్రేమ్‌రాజ్ తాగుడు మానేసి ఆటో నడుపుతున్నాడని చెబుతూ "లైన్ల పడ్డడు" అన్నాడు. పెళ్ళాన్ని మొదట చూసింది సైదాబాద్‌లో నల్లా లైనులోనట. "నాలుగు దినాలు ఆమె బిందెకు నేనే ముందుగాల జాగ పట్టిన. అయిదో దినం వాళ్ల నాయిన వచ్చి గల్ల పట్టిండు." పొద్దుటి పని ముగించి వాల్వు మీద మూత వేస్తూ రైల్వే వాడిలాగా "లైన్ క్లియర్" అనేవాడు. ఎవరైనా నీ నౌకరీ సంగతేంటని అడిగితే "నా ఫైలు లైన్ల ఉన్నది" అనేవాడు. ఈ చివరిదాన్ని మాత్రం నవ్వకుండా చెప్పేవాడు.

ఆయన పనికి బస్తీ మొత్తం పెట్టిన పేరు లైన్‌మన్. ఆ పేరు ఏ కాగితం మీదా లేదు. మెడలో కార్డు మీద 'హెల్పర్' అని ఉండేది. ఏడాదికో కాంట్రాక్టరు మారతాడు. కొత్తవాడు కొత్త కార్డు ఇచ్చేముందు పాతది తీసేసుకుంటాడు. ఇరవై నాలుగేళ్ళ చాకిరీకి ఆయన దగ్గర ఎప్పుడు చూసినా ఒక్క ఏడాది కార్డే. ఈ ఏడాది కాంట్రాక్టు మా కంపెనీదే. సర్వే, నీళ్ళు తిప్పే పని రెండూ మావే. సూపర్‌వైజరు వెంకటనారాయణ మొదటి రోజే ఆగయ్య భుజం మీద చెయ్యి వేసి చెప్పాడు. "సర్వే అయిపోనియ్, ఆగయ్యా. పర్మనెంటు పోస్టులు పడుతున్నయ్. నీ పేరే లైన్ల ముందుంది."

ఆ మాట నమ్మి ఆగయ్య ఏదీ దాచుకోలేదు. మే నెల ఎండలో గడ్డపార పట్టి తారు గీకి మరీ చూపించాడు. వాల్వు ఎక్కడుందో గుర్తు రాకపోతే ఒక ఇనుప కమ్మీ తీసి, ఒక కొన రోడ్డుకు ఆనించి ఇంకో కొన చెవికి పెట్టుకుని వినేవాడు. కింద నీళ్ళు ఎటు పోతున్నాయో, ఎక్కడ కారుతున్నాయో ఆ కమ్మీ చెప్పేది. నన్ను కూడా వినమన్నాడు. నాకు బైకుల మోతే వినబడింది.

"బైకును ఇడిసిపెట్టి ఇను."

"ఎట్లా విడిచిపెట్టాలి కాకా?"

"అది ఎట్ల చెప్పరాదు బిడ్డా. ఇరవై ఏండ్లు పడ్తది."

దబీర్‌పురా గల్లీ గుంట దగ్గర మాత్రం పొద్దున్నంతా కూర్చోబెట్టాడు. అందులో రెండు వాల్వులు. ఒకటి ఎత్తు మీది ఇళ్ళకు, రెండోది కిందివాటికి. "ముందుగాల మీదికి. తొమ్మిది చుట్లు తిప్పి ఆగాలె. లీలక్క నల్లాల గాలి పోవాలె. ఆమె 'వచ్చినయ్' అన్నంక ఇంకో పదమూడు. అప్పుడు కిందికి, ఆరే ఆరు చుట్లు. ఆరు దాటినయనుకో, మోటర్లు మొత్తం గుంజుతయి, మీదోళ్ల నోట్ల మన్ను. ఒక్కపారి అంతా తిప్పినవనుకో బీడు పైపు పగుల్తది. ముసలి పైపు గిది. నాలెక్కనే."

ట్యాబ్‌లో చుట్లు రాయడానికి గడి లేదు. వెంకటనారాయణకు ఫోన్ చేశాను.

"ఓపెనా, క్లోజా? రెండే ఉన్నయ్. నువ్వు ఆడికి కథలు రాయనీకి పోలే శ్రవణ్. ఇయ్యాల ఎన్నయినయ్ చెప్పు."

కింద 'ఇతర వివరాలు' అని ఒక ఖాళీ గడి ఉంది. తొమ్మిది, ఆగాలి, పదమూడు, ఆరు. నాలుగు ముక్కలు. రాస్తే నిమిషం పట్టేది. ఎవరూ రాయవద్దనలేదు. ఎండ నెత్తి మీదుంది, రెండు గంటలకల్లా ఇంటికి పోవాలని ఉంది. ఓపెన్ అని నొక్కేశాను. ఆగయ్య నా భుజం మీదుగా చూసి "రాసినవా?" అని అడిగాడు. రాశాను అన్నాను.

ఆరు వారాల్లో రెండు వందల పన్నెండు వాల్వులు ఎక్కాయి. చివరి రోజు మ్యాప్ మొత్తం తెరిచి ఆయన చేతికిచ్చాను. గల్లీలన్నీ నీలిరంగు గీతలతో అల్లుకుని ఉన్నాయి. ట్యాబ్‌ను రెండు చేతులతో పట్టుకుని చాలాసేపు చూశాడు.

"గిన్ని లైన్లు నేనే తిప్పిన్నా?"

"నువ్వే కాకా."

"మా ఇంటామెకు సూపియ్యాలె. ఫోటో దియ్యరాదు?"

కంపెనీ ఒప్పుకోదని చెప్పాను. అది నిజమే. సరేనని తిరిగి ఇచ్చేశాడు.

పై నెల ఒకటో తారీఖున ఆఫీసు గోడ మీద కొత్త జాబితా అంటించారు. ఆగయ్య పేరు లేదు. ఆయన గల్లీలను ముగ్గురు కుర్రవాళ్ళకు పంచారు. వాళ్ళలో వరుణ్ అనేవాడికి దబీర్‌పురా వచ్చింది. నేను ట్యాబ్ అప్పజెప్పడానికి వెళ్ళేసరికి ఆగయ్య వెంకటనారాయణ బల్ల ముందు నిలబడి ఉన్నాడు.

"ముందుంది అంటివి గద సారూ, నా పేరు."

"అంటిని. పోస్టులు పడలే. నేనేం జెయ్యాలె?" వెంకటనారాయణ కాగితాల్లోంచి తల ఎత్తలేదు. "ఇప్పుడంతా ఫోన్ చూసి తిప్పుడే. నీకు ఫోన్ సూడరాదు."

"ఫోన్‌కు నేనే చెప్పిన గద!"

"చెప్పినవ్. అయిపోయింది. తాళం ఆడ పెట్టు. కార్డు గూడ."

ఆగయ్య నా వైపు చూశాడు. నేను ట్యాబ్ ఛార్జరు తీగ చుడుతూ ఉన్నాను. ఆ తీగ అంతసేపు చుట్టాల్సినంత పొడవైనది కాదు. ఆయన తాళాన్ని గోడకు ఆనించాడు, కార్డు బల్ల మీద పెట్టాడు. తలుపు దాటి వెళ్ళిపోయాడు.

కంపెనీ నన్ను మాత్రం తీసేయలేదు. ఇంకో బస్తీ సర్వే ఇచ్చింది.

మూడో వారంలో దబీర్‌పురా గల్లీ పైపు పగిలింది. ఫోన్‌లో ఓపెన్ అని ఉంది కాబట్టి వరుణ్ మొత్తం ఓపెన్ చేశాడు. వాడి తప్పేం లేదు. పగిలిన చోట పట్టీ వేశారు, కింది ఇళ్ళకు నీళ్ళొచ్చాయి, పైకి మాత్రం ఎక్కలేదు. ఎనిమిది రోజులు. ట్యాంకరు ఆ గల్లీలో పట్టదు. లీలమ్మ మోకాళ్ళ నొప్పులతో రోజుకు నాలుగు సార్లు కిందికి దిగి మాణిక్యమ్మ ఇంట్లో పట్టుకుంటోంది. మాణిక్యమ్మ తిడుతూనే మోటరు వేసి మరీ బిందెలు నింపిందట. తొమ్మిదో రోజు పై అధికారి ఎవరో అడిగేసరికి వెంకటనారాయణ నాకు ఫోన్ చేశాడు. "ఆ ముసలోన్ని ఎట్లనన్న పట్టుకరా. ఒక్క గంట పని."

బేగంబజార్‌లో దొరికాడు. స్టీలు సామాన్ల హోల్‌సేల్ దుకాణం ముందు గిన్నెల కట్టలు తోపుడు బండికి ఎత్తుతున్నాడు. నన్ను చూసినా మూట దించలేదు.

"లీలమ్మకు ఎనిమిది రోజులుగా నీళ్ళు లేవు కాకా."

"చుట్లు రాసినవు గద?"

ఆగయ్య మూట బండి మీద పెట్టి, తువ్వాలతో మెడ తుడుచుకున్నాడు. "రాయలే. నాకెర్కనే. అబద్ధం ఆడేటప్పుడు నువ్వు ముక్కు గోకుతవ్." దుకాణం సేటుకు చెప్పి వచ్చి నా బండి వెనక కూర్చున్నాడు. అఫ్జల్‌గంజ్ దాటాక "నిన్నని ఏం లాభం" అన్నాడు. అంతే.

గుంట దగ్గర వెంకటనారాయణ, వరుణ్ నిలబడి ఉన్నారు. ఆగయ్య తన తాళమే వరుణ్ చేతిలో ఉంటే అందుకున్నాడు. రెండు వాల్వులూ పూర్తిగా మూసి, కమ్మీ బదులు తాళాన్నే రోడ్డుకు ఆనించి చెవి పెట్టాడు.

"గాలి ఇరికింది. లీలక్కా! నల్లా మొత్తం ఇప్పు!"

తొమ్మిది చుట్లు తిప్పి ఆగాడు. మాణిక్యమ్మ గడప మీదికి వచ్చి, ఎవరూ అడగకుండానే మోటరు స్విచ్చి తీసేసి, చాయ్ గ్లాసు గుంట పక్కన పెట్టింది. ఇరవై నిమిషాలు గడిచాయి. పైన నల్లా ముందు బుసకొట్టింది, తర్వాత దగ్గింది.

"వచ్చినయ్! ఆగన్నా, వచ్చినయ్!"

ఇంకో పదమూడు. కిందికి ఆరు. ఆయన తిప్పుతున్నంతసేపూ వరుణ్ ఫోన్‌లో వీడియో తీస్తూనే ఉన్నాడు. వెంకటనారాయణ పక్కన నిలబడి "చేతులు కనబడేటట్టు తియ్యిరా, మళ్ల పిలిసే పని లేకుండ" అన్నాడు. ఆగయ్య విన్నాడు. విని కూడా చేతులు అడ్డం పెట్టలేదు. ఆపాల్సింది నేను.

పని అయ్యాక వాళ్ళు తాళం తీసుకుని వెళ్ళిపోయారు. మూత వేసినప్పుడు ఆగయ్య "లైన్ క్లియర్" అనలేదు. లీలమ్మ ఇంటి మెట్టు మీద కూర్చుని, ఆమె ఇచ్చిన గ్లాసు నీళ్ళు తాగి, చొక్కా జేబులోంచి నాలుగు మడతల కాగితం తీశాడు. లేబర్ ఆఫీసులో పెట్టుకున్న అర్జీ నకలు. ఎవరో బాగానే రాసిపెట్టారు. ఇరవై నాలుగేళ్ళ పని, నోటీసు లేకుండా తీసివేత. దాని కింద ఆఫీసు వాళ్ళు ఎర్ర సిరాతో ఒక్క ముక్క రాశారు. 'రుజువు జతపరచలేదు' అని.

"కార్డులు ఉన్నయా అంటున్నరు. ఏడికెల్లి తెద్దు? లీలక్క వస్తనన్నది. ఆ మాణిక్యమ్మ గూడ వస్తనన్నది, సూడు. బస్తీ మాట నడవదట. కంపెనీల పనిజేసేటోడు ఒక్కడన్న చెప్పాలెనట."

కంపెనీలో పనిచేసేవాణ్ణి నేనే. చెబితే ఆ మర్నాడు నా కార్డు కూడా బల్ల మీదే ఉంటుంది. అది నాకు తెలుసు, ఆయనకూ తెలుసు. కాగితాన్ని మళ్ళీ మడతల వెంబడే మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"నీ నౌకరి పోతది, ఎర్కనే. అయినా అడుగుతున్న. నేను పనిజేసినట్టు నీ నోటితోటి ఒక్క మాట చెప్పు బిడ్డా. సోమారం పొద్దుగాల లేబర్ ఆఫీసు కాడికి రా. ఆడ లైన్ మస్తుంటది. నేను ముందుగాలనే పోయి నీకు జాగ పట్టి పెడ్త."