ఆర్మేనియా ముందు, రోమ్ తర్వాత

క్రైస్తవాన్ని మొదలు రాజ్యమతం చేసుకున్నది ఆర్మేనియా అని నీకెట్ల తెలుసు నానమ్మా, అని ఫోన్ల అడిగినవ్ గద బిడ్డా. అశోక్‌నగర్ల మన మీది అర్రల కిరాయికున్న పిల్ల నేర్పింది. గ్రూప్స్ పరీక్షకు చదువుతుండె. నేను చిక్కుడుకాయలు తుంచుకుంట, పుస్తకం ఒళ్ల పెట్టుకొని ప్రశ్నలు అడుగుతుంటి. ఆ పిల్ల చూడకుంట చెప్పాలె. అప్పటికే పరీక్ష రెండుసార్లు తప్పింది. ఇదే ఆఖరు అని ఇంట్ల చెప్పిండ్రట.

ఒకనాడు ఈ ప్రశ్నకే "రోమ్" అన్నది.

"కాదు, ఆర్మేనియా ముందు. చిన్న దేశమని మర్చిపోతవా?" అన్న.

"పరీక్షకు నువ్వే పో అమ్మమ్మా" అని నవ్వింది. ఐదో తరగతి చదివిన నేను ఆ దినమంత గర్వంగ తిరిగిన.

ఆ పిల్లకు నౌకరి వచ్చింది. చిక్కడపల్లిల మిఠాయి కొనుక్కొచ్చి, "మా సారు ఈమెనే" అని వాళ్ళ నాయనకు నన్ను చూపెట్టింది.

ఒక్క ప్రశ్న మిగిలింది. చదువుకునేటప్పుడే ఒకసారి, ఆర్మేనియా రాజు మతం మారినంక, ఇంట్ల పాత దేవుళ్ళకు దీపం పెట్టే నాసొంటి ముసలామె ఏం చేసిందని అడిగిన. "సిలబస్‌ల లేదు, పరీక్ష అయినంక చూసి చెప్త" అన్నది. పరీక్ష అయింది, పోస్టింగు దూరం పడ్డది, మళ్ళ రాలే. ఆ ముసలామె తెల్లారి దీపం పెట్టిందా బిడ్డా?