జోవిమ అంటే అర్థం

నా బిడ్డ ఇంకా పుట్టనే లేదు, పేరు మాత్రం ఈ రోజు ఆళ్లగడ్డ చర్చిలో పోయింది.

మా అక్క కూతుర్ని దేవునికి ప్రతిష్ఠించి పేరు పెడతారంటే నేనూ మా ఆయనా నంద్యాల నుంచి వెళ్లాం. పాస్టరుగారు పాపను రెండు చేతులా పైకెత్తి, "ఈ బిడ్డ పేరు జోవిమ. హీబ్రూలో దేవుని కిరీటం అని అర్థం" అన్నారు. అందరూ ఆమేన్ అన్నారు. అలవాటు కొద్దీ నా నోటి నుంచీ వచ్చేసింది.

హీబ్రూ లేదు, ఏమీ లేదు. మా ఆయన జోయెల్, నేను విమల. మా ఇద్దరి పేర్లూ కలిపి మా బిడ్డ కోసం నేను కట్టుకున్న పేరది. ఎవరికీ చెప్పొద్దని మాట తీసుకుని అక్క ఒక్కదానికే చెప్పాను.

భోజనాల దగ్గర అడిగేశాను. "ఏందక్కా ఇది? ఆ పేరు నాది కదా!"

"నీకింకా కాన్పు కాలేదు కదమే. బాగుండాదని పెట్టుకున్నా. నువ్వు ఇంకోటి చూసుకో" అంది, నా ఆకులో బిర్యానీ వడ్డిస్తూ.

"మరి ఆ హీబ్రూ ఏంది?"

"పాస్టరయ్య అర్థమేందని అడిగినాడు. ఏదో ఒకటి చెప్పాల కదా!"

పోనీలే, ఇక వాళ్లింట్లో ఆ పిల్లను పిలిచినప్పుడల్లా పలికేది మా ఆయన పేరూ నా పేరూనే.

మా బిడ్డకు కొత్త పేరు కావాలి. తోచినవాళ్లు చెప్పండి. కామెంట్లలో మాత్రం వద్దు, మా అక్క చదువుతుంది.