పసుపు చుక్కకు ఒక పేరు

ధర్మవరం బస్సు పెనుకొండలో ఆగినప్పుడు, ఉడుకుతున్న పట్టుగూళ్ల వాసన కిటికీలోంచి వస్తుంది. పక్కవాళ్లు ముక్కు మూసుకుంటారు. నేను కళ్లు మూసుకుంటాను. తెల్లని గూళ్లు నీళ్లమీద తేలినట్టు కదులుతాయి, ఒక్కొక్కదాని చుట్టూ సన్నని గీతల పెట్టె. ఆ పెట్టెలు గీయడం నాకు నేర్పింది వాసవి. నాకు కూతురంత వయసు కూడా లేని నా యజమాని.

హిందూపురంలో మా వీధి బట్టల కొట్టువాళ్ల అమ్మాయి. బెంగళూరులో చదివి వచ్చి, కొట్టు పైగదిలో కంప్యూటర్లు పెట్టింది. నేను బతుకంతా లెక్కలు రాసినదాన్ని. తేదీ వేయని కాగితం ముట్టను, కూడిక రెండుసార్లు చేయనిదే నమ్మను. అది తెలిసి నన్ను పైకి పిలిచింది. "నీ అంత చాదస్తం ఉన్న మనిషే నాకు కావాల పెద్దమ్మా," అంది. పొగిడిందో తిట్టిందో తేల్చుకోకుండానే కుర్చీలో కూర్చున్నాను.

పెనుకొండలో పట్టుదారం తీసే షెడ్డు యజమాని ఒక యంత్రం అడిగాడు. రైతులు గూళ్లు తెచ్చి పళ్లెంలో పోస్తే, పైనున్న కెమెరా చూసి చెడ్డవెన్నో చెప్పాలి. దాన్నిబట్టి ధర కడతాడు. వాసవికి అదే మొదటి పని. అది కుదరకపోతే గది మూసి కింద కొట్టులో కూర్చోవాలని వాళ్ల నాయన ముందే చెప్పాడు.

యంత్రానికి చూపు రావాలంటే ముందు ఎవరో ఒకరు చూపించాలి. షెడ్డులో తీసిన ఫొటోల్లో చెడ్డ గూడు కనబడిన చోటల్లా పెట్టె గీసి పేరు రాసేదాన్ని: మచ్చ గూడు, జోడు గూడు, తూటు గూడు. "అంచుకు ఆనించి గీయి పెద్దమ్మా. ఖాళీ వదిల్తే ఆ ఖాళీ కూడా గూడే అనుకుంటాది మిషను," అనేది వాసవి. సాయంత్రం మెట్లు దిగుతుంటే వీధంతా పెట్టెల్లోనే కనిపించేది. ఆవు ఒక పెట్టెలో, సైకిలు ఒక పెట్టెలో, మేడల మీద తేలే చందమామ ఇంకో పెట్టెలో. అవి కలలోకీ వచ్చేవి, నిద్రలో నా వేలు దుప్పటి మీద గీతలు గీసేదట.

కొన్ని ఫొటోలు ఆమె విడిగా దాచింది. "అవీ నేర్పిస్తే పోలేదా?" అన్నాను. "పరీక్ష పేపరు ముందే చూపిచ్చి, ఫస్టు క్లాసు వచ్చిందని సంబరపడమంటావా?" అని నవ్వింది. దాచిన ఆ ఫొటోల మీద యంత్రం తప్పు చేయడం అరుదైంది. సంబరపడ్డాం.

షెడ్డులో బిగించిన రోజు మొదట వచ్చినవాడు రొద్దం వైపు రైతు రంగప్ప. బస్తా మూతి విప్పి పైపై గూళ్లు పళ్లెంలో పోశాడు. తెరమీద ఎర్ర పెట్టెలు గుప్పున కమ్ముకున్నాయి. అన్నీ మచ్చ గూళ్లేనంది యంత్రం.

"ఏమమ్మా, మా గూళ్లకు ఏం రోగమొచ్చిండాది?" అని రంగప్ప వాసవిని అడిగాడు.

"నేను కాదప్పా, మిషను చెప్తాండాది," అన్నాడు షెడ్డు యజమాని హుషారుగా. "సగం ధరే."

"రోగం కాదు సామీ, పసుపు! మా యమ్మ బస్తా మూతిలో పసుపు చల్లి దండం పెట్టుకుంటాది. పైపైనే ఉండాది, ఉడకేస్తే పోతాది."

వాసవి ఒక గూడును అరచేతిలోకి తీసుకుని బొటనవేలితో రుద్దింది, వేలికి పసుపు అంటింది. మా ఫొటోలన్నీ బస్తాలు కుమ్మరించి, మూతి దగ్గరి గూళ్లు షెడ్డువాళ్లు ఏరేశాక తీసినవి. దాచిన పరీక్ష ఫొటోలూ ఆ కుప్పలవే. పసుపు పడిన గూడును మా యంత్రం ఎన్నడూ చూడలేదు. అయినా షెడ్డు యజమానికి యంత్రం నచ్చేసింది. ఆమె నోరు మెదపకపోతే పని ఖాయం, గది నిలుస్తుంది.

ఆమె స్విచ్ ఆపేసింది. "తప్పు ఆయప్పది కాదన్నా, నాది. దీనికి పసుపు తెలీదు. నేను చూపీలేదు."

"అట్లయితే మూట కట్టుకోని పో తల్లీ."

రంగప్ప గూళ్లను చేత్తో ఏరి పూర్తి ధర కట్టారు. మేము కెమెరా విప్పుకుని బస్సెక్కాం. కొండ మీద కోటగోడలు మసకవెలుగులో కరిగిపోతున్నాయి. ఉండబట్టలేక అడిగాను: "పని ఖాయం చేసుకోని, పైవారం సరిచేసుంటే నీ సొమ్మేం పోతాండె?"

"ఆ వారంలోపల వాళ్లమ్మ పసుపు చల్లేది మానుకుంటాది పెద్దమ్మా. మిషను కోసరం."



తర్వాత ఇద్దరం పల్లెలు తిరిగి బస్తా మూతుల ఫొటోలు తీశాం. పాత పేర్ల పక్కన కొత్త పేరు చేర్చాం: పసుపు గూడు. అది చెడ్డ లెక్కలో కలవదు. పెనుకొండవాళ్లు మళ్లీ పిలవలేదు. ధర్మవరంలో ఇంకో షెడ్డువాళ్లు యంత్రాన్ని తీసుకునేసరికే గది మూతపడింది. కొట్టులో కూర్చోవడం ఇష్టంలేక వాసవి బెంగళూరులో ఉద్యోగానికి వెళ్లిపోయింది. పోతూ ఆ యంత్రం బాగోగులు నాకు అప్పగించింది. నెలనెలా వెళ్లి చూసి వస్తాను.

మొన్న వెళ్లినప్పుడు నీలిరంగు చారలున్న గూళ్లు కొన్ని పళ్లెంలో పడ్డాయి. యంత్రం వాటికి ఏ పేరూ చెప్పలేకపోయింది.

"చెడ్డవాటిలో వేసేద్దామా అవ్వా?" అంది అక్కడ పనిచేసే లక్ష్మక్క.

బతుకంతా లెక్కల పుస్తకంలో ఏ గడినీ ఖాళీగా వదలని దాన్ని.

"నాకు తెలీదు," అన్నాను. "తెచ్చినాయన్ని పిలువు, అడుగుదాం."