పెద్దమిద్దె, రాళ్ళమిద్దె, ఒకే తీగ

నిన్న మధ్యాహ్నం మా ఇంటివాళ్ళ గ్రూపు కాల్లో, ఒక్క సెల్‌ఫోన్లోంచి ఐదుగురి గొంతులు ఒకేసారి వచ్చి నా చెవిలో పడ్డాయి. మా అక్క కూతురు పద్మ బిడ్డను ఉయ్యాలలో వేసే వేడుక ఎక్కడ చేయాలన్నది తగువు. పులివెందులలో అని ఒకరు, ప్రొద్దుటూరులో అని ఇంకొకరు. అందరూ మాట్లాడేవాళ్ళే, వినే నాథుడు లేడు. ఆ గోలలో కొబ్బరినూనె, చెమట కలిసిన పాత హెడ్‌సెట్ వాసన ముక్కుకు తగిలినట్టయింది. వెంటనే మా ఓబులక్క గుర్తుకొచ్చింది.

జమ్మలమడుగు టెలిఫోన్ ఎక్స్‌ఛేంజిలో నేను కొత్తగా ఆపరేటరుగా చేరినప్పుడు ఓబులమ్మ మా సూపర్‌వైజరు. గొర్రెలు మేపుకునే ఇంట పుట్టిన మనిషి. నోట్లో ఎప్పుడూ వక్కాకు ఉండేది. ఆమె గొంతు లేస్తే రోడ్డు మీద పోయేవాళ్ళు ఆగి చూసేవాళ్ళు. నేనేమో చెన్నూరు నుంచి వచ్చిన, నోట్లో నాలుక లేని పిల్లను. ఫోనెత్తి ఎవరైనా గట్టిగా "హలో" అంటే చాలు, హెడ్‌సెట్ తీసి ఆమె చేతిలో పెట్టేసేదాన్ని.

మా బోర్డు నుంచి పల్లెలకు పోయే తీగ ఒకటుండేది. ఆ ఒక్క తీగ మీదే మూడు ఫోన్లు. ఒకటి పెద్దమిద్దె అనే ఇంట్లో, ఒకటి అదే ఊళ్ళో రాళ్ళమిద్దె అనే ఇంట్లో, మూడోది ఇంకో ఊరి పోస్టాఫీసులో. ఒకరు మాట్లాడుతుంటే తక్కిన ఇద్దరూ ఆగాల్సిందే. చిక్కేమిటంటే, పెద్దమిద్దె ఆయనదీ రాళ్ళమిద్దె ఆయనదీ తరాల పగ. వేరువేరు పార్టీలు. బజారులో వాళ్ళ పేర్లు పలకడానికే జనం వెనకాముందూ చూసేవాళ్ళు.

వాళ్ళకు ఓబులక్క ఒక పద్ధతి నేర్పింది. ఫోనెత్తగానే ముందు వినాలి. ఎవరైనా మాట్లాడుతుంటే పెట్టేయాలి. ఇద్దరూ ఒకేసారి ఎత్తితే ఇద్దరూ పెట్టేసి, పెద్దమిద్దె ఆయన వక్కాకు నమిలేదాకా, రాళ్ళమిద్దె ఆయన చెంబుడు మజ్జిగ తాగేదాకా ఆగాలి.

"ఇద్దరికీ వేరేవేరే ఎందుకక్కా?" అని అడిగాను.

"ఇద్దరూ ఒకేసేపు ఆగితే మళ్ళా ఒకేతూరి ఎత్తుతారు గదమ్మే! గొర్రెలన్నీ ఒకేతూరి తొట్టి మీద పడితే ఏదన్నా నీళ్ళు తాగుతాదా?"

పంచాయతీ ఎన్నికలు వచ్చేదాకా ఆ పద్ధతి బాగానే నడిచింది. ఆ వేడిలో ఎవరో పుల్లలు పెట్టారు, ఫోను ముందు పెట్టినోడు తగ్గినట్టే అని. ఇంకేముంది! ఒకరోజు పొద్దున ఇద్దరూ ఒకేసారి ఎత్తారు.

"నువ్వు పెట్టప్పా ముందు."

"నేనెందుకు పెడతా? నీదే తప్పు, నువ్వే పెట్టు."

ఎంతసేపటికీ ఎవరూ పెట్టలేదు. నేను హెడ్‌సెట్ తీసేయబోతుండగా, ఆ రెండు గొంతుల కింద నలిగిపోతూ ఒక ఆడమనిషి గొంతు సన్నగా వినిపించింది. "ఆపండి నాయనా... నా బిడ్డకు కాన్పు కష్టమైంది... ఆస్పత్రికి జీపు కావాల..." మూడో ఊరి పోస్టాఫీసు నుంచి ఒక తల్లి.

ఓబులక్కతో చెప్పి, హెడ్‌సెట్ ఆమె చేతికివ్వబోయాను. ఆమె తీసుకోలేదు.

"ఇన్యింది నువ్వు. నువ్వే చెప్పు."

"నా వల్ల కాదక్కా, వాళ్ళు..."

"ఆడ ప్రాణం పోతాంటే నీ భయమేందమ్మే!"

ఆ ధైర్యం ఎక్కడినుంచి వచ్చిందో తెలియదు, అరిచాను. "ఇద్దరూ నోరు మూయండప్పా! ఈ తీగ మీదనే ఒక తల్లి బిడ్డ కోసం ఏడుస్తాంది!"

రెండు గొంతులూ టక్కున ఆగాయి. నా పని అయిపోయిందనుకున్నాను. ఆ సందులో ఆ తల్లి ఊరి పేరూ సంగతీ స్పష్టంగా చెప్పుకుంది.

"నా జీపు పంపిస్తాండా తల్లీ," అన్నాడు పెద్దమిద్దె ఆయన.

"నీ డొక్కు జీపు యాడ పోతాది? నాది పంపిస్తా," అన్నాడు రాళ్ళమిద్దె ఆయన.

మళ్ళీ మొదలు! ఓబులక్క నా భుజం మీదుగా వంగి, "జీపు పంపాలంటే ఫోను పెట్టి లెయ్యాల గదప్పా!" అని ఒక్క కేక వేసింది. రెండు ఫోన్లూ ఒకేసారి టక్కుమన్నాయి.

రెండు జీపులూ పోయాయి. ఒకదాంట్లో నొప్పుల మనిషి, రెండోదాంట్లో వాళ్ళమ్మా చుట్టాలూ ప్రొద్దుటూరు ఆస్పత్రి చేరారు. సాయంత్రం సంగతి కనుక్కోవడానికి పెద్దమనుషులిద్దరూ మళ్ళీ ఒకేసారి ఫోనెత్తారు.

"నువ్వు మాట్లాడప్పా ముందు."

"కాదు కాదు, నువ్వే కానీ."

ఓబులక్క పొట్ట పట్టుకుని నవ్వింది. "పొద్దున ముందు పెట్టనని కొట్లాట, ఇప్పుడు ముందు మాట్లాడనని కొట్లాటనా! ఆడబిడ్డ పుట్టింది, తల్లీబిడ్డా బాగుండారు. నువ్వు వక్కాకు నములుకోపో, నువ్వు మజ్జిగ తాగుపో!"

దాంతో వాళ్ళ పగ చల్లారిందని చెప్పను. ఎన్నికలనాడు మళ్ళీ కట్టెలు లేచాయి. కానీ ఫోను ముందు పెట్టడమంటే తగ్గడమన్న మాట మాత్రం ఆ తీగ మీద మళ్ళీ వినబడలేదు. నాకూ ఆ రోజు నుంచి గొంతు వచ్చింది. ఓబులక్క పుణ్యమే అది. ఆమెను తలుచుకుంటే ఇప్పటికీ నాకు ధైర్యంగా ఉంటుంది.

నిన్న కూడా ఆ గొంతే లేచింది. "అందరూ నోరు మూయండి! సన్నగా ఎవరో మాట్లాడుతున్నారు. ఎవరది?"

గోల ఆగింది.

"నేను చిన్నమ్మా, పద్మను," అంది బాలింతరాలు. "నాకింకా నడుము నొప్పి తగ్గలేదు. ఈడనే, మైదుకూరులో మా ఇంట్లోనే చేద్దాం."

అంతసేపూ ఆ బిడ్డను కన్నదాన్ని ఎవరూ అడగనే లేదు.